న్యాయస్థానాన్ని ఆశ్రయించడం క్షమాధర్మానికి విరుద్ధమా?

మన ఇళ్ళలో పిల్లలకు చిన్ననాటినుండి చెప్పే బుద్ధులలో కోర్టు గుమ్మం తొక్కవద్దన్నది ఒకటి. గెలిచినవాడు ఇంటికి వచ్చి ఏడుస్తాడు, ఓడినవాడు కోర్టులోనే ఏడుస్తాడు అని పెద్దలు అనేవారు. వర్తకులకు ఈ మాటలో రెండర్థాలు తోచేవి. వ్యాజ్యం కొట్టును తినివేస్తుందన్నది మొదటిది. వ్యాజ్యం మనస్సును చెరుపుతుందనీ, క్షమను వ్రతంగా పట్టినవాడు సాటిమనిషిని ప్రతివాదిగా నిలబెట్టడం తగదనీ రెండవది. మొదటిది లెక్కకు సంబంధించిన మాట. రెండవది ధర్మానికి సంబంధించినది. ఈ వ్యాసంలో నేను విచారించదలచినది రెండవదానినే.

అన్నదమ్ముల పంపకాల తగవులూ, బాకీదారులమీది దావాలూ ఇక్కడ ప్రసక్తం కావు. భూమి చేతులు మారినప్పుడు సర్కారు దస్తావేజులలో పేరు మార్చవలసిన ఉద్యోగి ఆ పని చేయక, చేయనని కూడ చెప్పక, ఏండ్లతరబడి కాగితాన్ని అట్టే పెట్టుకుంటే గృహస్థు ఏం చేయాలి? డబ్బిచ్చి పని జరిపించుకోవాలా? ఓర్చుకొని ఊరకుండాలా? హైకోర్టుకు పోవాలా? ఈ మూడు మార్గాలనూ మా కుటుంబంలోనే తర్కించవలసి వచ్చింది. ఆ అనుభవం పదిమందికి పనికివస్తుందేమోనని వ్రాస్తున్నాను.

మేము కర్ణాటకలో తరతరాలుగా కాపురమున్న తెలుగువాళ్ళం. ఇంట్లో తెలుగు, అంగడిలో కన్నడం. మా చిన్నాయన 2019లో కాలం చేశారు. ఆయన పేర నాలుగెకరాల మెట్టభూమి ఉండేది. కూలీలను పెట్టి జొన్న, వేరుసెనగ వేయించేవారు. ఆయన తదనంతరం ఆ భూమి వారసులపేర కావాలని మా చిన్నమ్మ తాలూకా కచేరీలో అర్జీ పెట్టుకున్నది. దీనిని అక్కడ పౌతి ఖాతె అంటారు. 2020, 2021లలో కరోనావల్ల కచేరీలు సరిగా నడవలేదు. ఆ కాలాన్ని మేము ఎవరి తప్పుగానూ లెక్కపెట్టలేదు. కాని ఆ తరువాత కూడ వినవచ్చిన సమాధానం ఒక్కటే: "వచ్చే వారం రండమ్మా." చిన్నమ్మ ఎన్ని వారాలు తిరిగిందో లెక్కలేదు. ఒక ఏడు అతివృష్టికి పంట పోయింది. నష్టపరిహారం పహణీలో పేరున్నవారికే వస్తుంది. పహణీలో ఉన్నది చనిపోయిన మనిషి పేరు. సహకార సంఘంలో అప్పు అడిగితే వారూ ముందు పహణీనే చూపమన్నారు. భూమి తనదే, దున్నేది తానే, కాని కాగితంమీద ఆమె లేనేలేదు.

అప్పుడొక మధ్యవర్తి వచ్చి, ఇంత ఇస్తే నెలరోజులలో పని అవుతుందని చెప్పాడు. ఇంట్లో పెద్దలు కూర్చున్నారు. మా అన్నగారు, "ఇచ్చి వదిలించుకుందాం, కొట్టులో ఒకరోజు లాభం అనుకుంటే సరి" అన్నారు. మా పెదనాయనగారు, "వద్దు నాయనా, మన పుణ్యపాపాలు మనవి. ఓర్చుకుందాం, ఎప్పటికో అప్పటికి అవుతుంది" అన్నారు. వకీలు చదువు చదివిన మా తమ్ముడు రిట్టు వేద్దామన్నాడు. చిన్నమ్మ మాత్రం ఏమీ అనలేదు.

ఈ మూడు అభిప్రాయాలను పరిశీలించేముందు పేరు మార్పిడి అంటే ఏమిటో తేటగా తెలియాలి. వర్తకులకు దీనిని పద్దుపుస్తకాల భాషలో చెప్పవచ్చు. సరుకు అమ్మినరోజున చిఠ్ఠాలో వ్రాస్తాము. తరువాత గుమాస్తా దానిని ఆవర్జాలో ఆసామీ ఖాతాకు ఎక్కిస్తాడు. బాకీ పుట్టేది సరుకు చేతులు మారినప్పుడే. ఆవర్జాలో ఎక్కించడంవల్ల బాకీ పుట్టదు, ఎక్కించనందువల్ల రద్దూ కాదు. అయినా ఎక్కించని పద్దును ఆధారం చేసుకొని ఎవరూ వ్యవహారం నడపలేరు. భూమి విషయమూ అంతే. హక్కు వచ్చేది క్రయపత్రంవల్లనో, వారసత్వంవల్లనో, పంపకంవల్లనో. పహణీలో పేరు ఎక్కించడం శిస్తుకోసం, పాలనకోసం సర్కారు ఉంచుకునే పద్దు. ఈ పద్దు హక్కును పుట్టించదు, పోగొట్టదు అని సుప్రీంకోర్టు 1996లోనూ, 1997లోనూ, మళ్ళీ 2021లోనూ స్పష్టంగా చెప్పింది.

అయితే ఆ పద్దు చిన్నవిషయం కాదు. 1964 నాటి కర్ణాటక భూకందాయ చట్టంలోని 133వ విభాగం ప్రకారం, తప్పని ఋజువయ్యేదాక ఆ దస్తావేజును సరియైనదిగానే భావించాలి. వారసత్వంవల్ల భూమి వచ్చినవారు ఆ సంగతి తెలియజేయాలని 128వ విభాగం చెబుతుంది. తెలియజేసినమీదట అధికారి దానిని మార్పుల రిజిస్టరులో వ్రాయాలి, గ్రామచావడిలో ప్రకటించాలి, సంబంధించినవారికి నోటీసులివ్వాలి, ఆక్షేపణలుంటే విచారించాలి అని 129వ విభాగం విధిస్తుంది. అంటే ఈ పని ఉద్యోగి దయమీద ఆధారపడినది కాదు. మనకు చెప్పవలసిన బాధ్యత ఉన్నట్లే, వ్రాయవలసిన బాధ్యత ఆయనకున్నది.

ఇక మా అన్నగారి మాట. ఇది అందరికంటె లోకజ్ఞుల మాటగా కనిపిస్తుంది. లంచం పుచ్చుకోవడమేగాని ఇవ్వడం పాపం కాదని మన వర్తకులలో చాలామంది మనస్సును సమాధానపరచుకుంటారు. చట్టం ఇప్పుడు ఆ భేదం ఒప్పుకోదు. 1988 నాటి అవినీతి నిరోధక చట్టాన్ని 2018లో సవరించారు. ఇచ్చినవానికి కూడ ఏడేండ్లవరకు శిక్ష పడవచ్చు. బలవంతంమీద ఇచ్చినవాడు ఏడు రోజులలోపల పోలీసు మొదలైన అధికారులకు తెలియజేస్తేనే తప్పించుకోగలడు. చట్టం సంగతి అటుంచి మన వ్రతాల ప్రకారమే చూద్దాం. తత్త్వార్థసూత్రం ఏడవ అధ్యాయంలో అచౌర్యవ్రతానికి చెప్పిన అయిదు అతిచారాలలో విరుద్ధరాజ్యాతిక్రమం ఒకటి. రాజ్యశాసనాన్ని దాటి లాభం పొందడం దొంగతనం ప్రక్కనే కూర్చున్న దోషమని దాని భావం. తప్పుడు తూకమూ, కల్తీ సరుకూ ఆ వరుసలోనివే. తక్కెడ విషయంలో అంత జాగ్రత్త పడేవాళ్ళం కచేరీ విషయంలో ఎందుకు పడము?

ఇంకొక సంగతి. మనం డబ్బిచ్చి ముందుకు పోయినప్పుడు మన వెనుక నిలిచిన పేదరైతు ఇంకొకడుగు వెనక్కు పోతాడు. ఆలస్యం ఫలించిందని తెలిసిన ఉద్యోగి మరునాటినుండి ఆలస్యాన్ని పెంచుతాడు. మా అన్నగారు దానిని ఒకరోజు లాభమన్నారు. ఆ లాభం మనదే గాని, దాని ఖర్చు మనకు ముఖం తెలియని ఎవరి పద్దులోనో పడుతుంది.

రెండవది పెదనాయనగారి మాట. దీనికి జవాబు చెప్పడం అంత సులభం కాదు. క్షమ మన ధర్మాలలో మొదటిది. ఏటేటా పర్యూషణం ముగింపున తెలిసీ తెలియక చేసిన అపరాధాలకు అందరినీ క్షమాపణ అడిగే ఆచారం మనది. అటువంటివాళ్ళం ఒక చిన్న గుమాస్తామీద హైకోర్టులో అర్జీ వేయవచ్చునా?

నేను చాలారోజులు ఆలోచించి తెలుసుకున్నది ఇది. క్షమించవలసింది మనకు జరిగిన అపరాధాన్ని. ఇతరులకు జరిగిన అపరాధాన్ని మనం క్షమించడానికి మనకు అధికారం లేదు. భూమి చిన్నమ్మది. పరిహారం పోయింది ఆమెకు. ఎండలో తాలూకా కచేరీ అరుగుమీద కూర్చున్నది ఆమె. మేము కొట్టులో పంకా క్రింద కూర్చొని ఆమె తరఫున క్షమించడం ఏ ధర్మం? ఉదారంగా దానమివ్వాలనుకుంటే మన గల్లాపెట్టెలోనుండి ఇవ్వాలిగాని పొరుగువారి పెట్టెలోనుండి కాదు గదా.

మరొకటి చెప్పడానికి సిగ్గుగా ఉన్నది, అయినా చెప్పాలి. మేము ఓర్చుకోవడానికి క్షమ ఒక్కటే కారణం కాదు. అధికారులతో పెట్టుకుంటే రేపు లైసెన్సు విషయంలోనో పన్నుల విషయంలోనో బాధిస్తారేమోనన్న భయం కూడ ఉన్నది. భయానికి క్షమ అని పేరు పెట్టుకోవడం మనలో ఉన్న పాత జబ్బు. క్షమించినవాడి మనస్సు తేలికపడుతుంది. మేము ఇంట్లో రోజూ ఆ ఉద్యోగిని తిట్టుకుంటూనే ఉన్నాము. అది క్షమ ఎట్లా అవుతుంది?

గృహస్థునకు సంభవించే హింసను మన పెద్దలు నాలుగు విధాలుగా చెప్పారు. కావలెనని చేసేది సంకల్పి. వంటా వార్పూ ఇంటిపనులలో జరిగేది ఆరంభి. జీవనోపాధిలో జరిగేది ఉద్యోగి. అన్యాయాన్ని ఎదుర్కొనడంలో జరిగేది విరోధి. మొదటిదానిని గృహస్థు పూర్తిగా విడవాలి. మిగిలినవాటిని వీలైనంత తగ్గించుకోవాలి. విరోధిహింసను సైతం గృహస్థునకు పూర్తిగా నిషేధించని ధర్మం, ఎవరి ఒంటిమీదా చేయి వేయకుండా, ఒక న్యాయాధిపతి ఎదుట నిజం చెప్పి, "ఈయన చేయవలసిన పని చేయమని చెప్పండి" అని కోరడాన్ని నిషేధిస్తుందా? నిషేధించదనే నా నమ్మకం. దానిలో హింస ఏదైనా ఉంటే అది మన మనస్సులో ఉంటుంది. ఉద్యోగిని ఏడిపించాలని పోతే అది సంకల్పమే. పని జరగాలని పోతే అది వేరు. క్రోధ, మాన, మాయా, లోభాలు నాలుగింటినీ గుమ్మంలోనే పరీక్షించుకొని లోపలికి పోవాలి.

ఆ పరీక్షలో మేమే చిక్కుకున్నాము. తమ్ముడు రిట్టు వేసేముందు సమాచార హక్కు చట్టం క్రింద ఒక అర్జీ పెట్టాడు. 2005 నాటి ఆ చట్టం ప్రకారం ముప్పై రోజులలో జవాబు రావాలి. దస్త్రం ఎక్కడ ఆగింది, ఎందుకు ఆగింది అని అడిగాడు. వచ్చిన జవాబు చూసి మాకు నోట మాట రాలేదు. గ్రామ లెక్కాధికారి చాలాకాలం క్రిందటే దస్త్రంమీద, వంశవృక్షంలో మరణించినవారి కుమార్తె పేరు లేదని వ్రాసి పెట్టాడు.

నిజమే. చిన్నాయనకు కొడుకుతోపాటు ఒక కూతురున్నది. పెండ్లయి సోలాపురంలో కాపురముంటున్నది. వంశవృక్షం వ్రాయించేటప్పుడు "ఆడపిల్లకు పెండ్లి చేసి పంపాముగదా" అని ఎవరో అన్నారు. ఎవరూ కాదనలేదు. 1956 నాటి హిందూ వారసత్వ చట్టం జైనులకూ వర్తిస్తుంది. దాని ప్రకారం భార్య, కొడుకు, కూతురు, తల్లి ఒకే తరగతి వారసులు. ఆ పిల్లకు భూమి అక్కరలేకపోతే ఆమె తన ఇష్టపూర్వకంగా హక్కు విడుదల పత్రం వ్రాసి రిజిస్టరు చేయించవచ్చు. కాని ఆమె పుట్టనేలేదన్నట్లు కాగితం వ్రాయడానికి ఎవరికీ అధికారం లేదు. సత్యవ్రతానికి చెప్పిన అతిచారాలలో కూటలేఖక్రియ, అంటే అబద్ధపు పత్రం సృష్టించడం, ఒకటి. మేము దొంగసంతకం పెట్టలేదు నిజమే. కాని ఒక పేరు వదిలి వ్రాయడం దానికెంత దూరం?

మధ్యవర్తికి డబ్బిచ్చి ఉంటే ఏమై ఉండేదో ఆలోచించండి. ఆ లోపం అట్లాగే కప్పబడి, చెల్లెలి పేరు లేకుండానే పహణీ తయారై ఉండేది. మా ఇంటి ఆడపిల్ల హక్కును మేమే కొని పాతిపెట్టినవాళ్ళమయ్యేవాళ్ళం. ఊరకుండినా మా తప్పు మాకు ఎన్నటికీ తెలిసేది కాదు. అప్పటిదాకా ఉద్యోగిదే తప్పని మాట్లాడినవాళ్ళం తలలు వంచుకున్నాము. పెదనాయనగారు స్వయంగా సోలాపురంపోయి చెల్లెలితో, "పొరపాటు మాది తల్లీ, మన్నించు" అన్నారట. ఆ పిల్ల ఏడ్చిందట.

అయితే మా తప్పు బయటపడినంతమాత్రాన ఉద్యోగి తప్పు మాసిపోదు. లోపం ఇదీ అని ఒక్క ముక్క వ్రాసి చిన్నమ్మకు పంపవలసింది. ఆమె రెండేండ్లు తిరిగినా ఎవరూ చెప్పలేదు. కారణం చెప్పి తిరస్కరించిన అధికారిపై అప్పీలు చేసుకోవచ్చు. మౌనంగా ఉన్నవాని దగ్గర అప్పీలు చేసుకోవడానికి ఉత్తరువే ఉండదు. ఆలస్యంలోని క్రూరత్వం అదే.

మేము సరియైన వంశవృక్షంతో, ముగ్గురి పేర్లతో కొత్త అర్జీ పెట్టాము. ఈసారి చేతి రసీదు తీసుకున్నాము. కర్ణాటకలో 2011 నాటి సకాల చట్టం క్రింద అనేక సేవలకు గడువులున్నాయి. గడువు దాటితే రోజుకు ఇరవై రూపాయల చొప్పున, అయిదువందలకు మించకుండ అర్జీదారుకు పరిహారం ఇవ్వాలి. మొత్తం స్వల్పమే అయినా, ఆలస్యం ఉద్యోగి పద్దులో పడుతుందని ఒప్పుకున్న చట్టమది. పై అధికారికి కూడ వ్రాశాము. ఎనిమిది నెలలు గడిచాయి. జవాబు లేదు. అప్పుడే రిట్టు వేశాము.

దీని స్వరూపం వర్తకులు తెలుసుకోవడం మంచిది. రాజ్యాంగంలోని 226వ అధికరణం క్రింద, చట్టం విధించిన పని చేయమని హైకోర్టు ప్రభుత్వాధికారిని ఆజ్ఞాపించవచ్చు. దీనిని మాండమస్ అంటారు. ముందుగా మనం వ్రాతమూలకంగా అడిగి ఉండాలి, అవతలివారు నిరాకరించి గాని ఊరకుండి గాని ఉండాలి. అందువల్ల రసీదులు, ఉత్తరాల నకళ్ళు దాచుకోవడం ముఖ్యం. నోటిమాటతో తిరిగిన రోజులు కోర్టులో లెక్కకు రావు. మనమే ఏండ్లు గడిపి పోయినా కోర్టు హర్షించదు. ఇటువంటి వ్యవహారాలలో కోర్టు సాధారణంగా "ఈ పేరు వ్రాయండి" అనదు. "ఈ అర్జీని చట్టప్రకారం విచారించి ఇన్ని వారాలలో ఉత్తరువు చేయండి" అంటుంది. ఉత్తరువు మనకు అనుకూలంగానే ఉండాలనేమీ లేదు. ప్రతికూలమైతే కర్ణాటకలో 136వ విభాగం ప్రకారం అసిస్టెంటు కమిషనరుకు అప్పీలు, ఆపైన డిప్యూటీ కమిషనరుకు రివిజను ఉన్నాయి. అసలు భూమి ఎవరిదన్న తగవే ఉంటే ఇది మార్గం కాదు, సివిలు కోర్టుకు పోవలసిందే.

ఇతర ప్రాంతాలలోని మనవారికి పేర్లు వేరుగాని దారి ఒకటే. బళ్ళారి మొదలైన జిల్లాలవారికి కర్ణాటక హైకోర్టు ధార్వాడ పీఠమున్నది. తమిళనాడులో పట్టా మార్పిడి తహసీల్దారు కచేరీలో జరుగుతుంది. అక్కడివారికి మద్రాసు హైకోర్టు, దక్షిణ జిల్లాలవారికి దాని మదురై పీఠం. యానాంకూడ మద్రాసు హైకోర్టు పరిధిలోనిదే. మహారాష్ట్రలో పహణీకి బదులు సాత్‌బారా, మార్పును ఫేర్‌ఫార్ అంటారు. ఒరిస్సాలో తహసీల్దారు మ్యుటేషను కేసుగా నడుపుతారు, పై కోర్టు కటకంలో.

మా అర్జీమీద కోర్టు అటువంటి గడువే పెట్టింది. గడువులోపల నోటీసులు వెళ్ళాయి, ఆక్షేపణలు రాలేదు, పహణీలో మూడు పేర్లు ఎక్కాయి. వకీలు ఫీజు, ప్రయాణాలు కలిపితే మధ్యవర్తి అడిగినదానికంటె ఎక్కువే అయినది. మా అన్నగారు ఇప్పటికీ ఆ లెక్క చెబుతూనే ఉంటారు. ఆయన లెక్క తప్పని నేననను. అంత ఖర్చు భరించలేని రైతుకు ఈ మార్గం ఎంతదూరమో తలచుకుంటే నాకూ బాధగానే ఉంటుంది. అందుకనే వీలున్నవారు ఈ దారిన నడవడం అవసరమనుకుంటాను. పేదలకు, స్త్రీలకు ఉచిత న్యాయసహాయమిచ్చే సంస్థలు 1987 నాటి చట్టం క్రింద ప్రతి జిల్లాలోనూ ఉన్నవి. మన సంఘాలు ఆ సంగతి పదిమందికి చెబితే అదీ ఒక దానమే.

ఉద్యోగుల పక్షంకూడ చూడాలి. ఒక్కొక్క గ్రామ లెక్కాధికారిమీద ఎన్నో గ్రామాల భారముంటుంది. తప్పు పేరు ఎక్కిస్తే రేపు విచారణ తనమీదికే వస్తుందన్న భయముంటుంది. ఆలస్యమంతా లంచంకోసమేననడం అన్యాయం. మా దస్త్రంమీద ఆ కుమార్తె పేరు లేదని వ్రాసిన చేయి కూడ ఒక ఉద్యోగిదే. వస్తువుకు అనేక ముఖాలున్నాయని నమ్మేవాళ్ళం ఈ ముఖాన్నీ చూడవలసిందే.

చివరగా ఒక మాట. మనం భూమి అమ్మినచోట కొన్నవాని పేరు ఇంకా ఎక్కకపోతే, ఆ పరిహారాలు మన పేరనే వస్తుంటే, అప్పుడు మనకు ఇంత తొందర ఉంటుందా? పరిగ్రహానికి హద్దు పెట్టుకునేవాడు లెక్కించే వస్తువులలో క్షేత్రం మొదటిది. మనది కానిదానినుండి మన పేరు తీయించడంలో కూడ ఇంతే పట్టుదల చూపినప్పుడే, మనదానికోసం కోర్టుకు పోయే నైతిక హక్కు మనకుంటుంది.

ఆ ఏడు పర్యూషణం తరువాత చిన్నమ్మ తాలూకా కచేరీకి పోయింది. తాను తిరిగిన ఆ బల్లదగ్గర కూర్చున్న ఉద్యోగితో, "కోర్టుకు పోయినందుకు నా మనస్సులో నీమీద కోపమేమీ లేదు నాయనా. ఎప్పుడైనా ఉండి ఉంటే మన్నించు" అని చెప్పి వచ్చింది. కోర్టుకు పోయినాక కూడ ఆ మాట అనగలిగింది. పోకముందు మా ఇంట్లో ఒక్కరమూ అనలేకపోయాము. పెదనాయనగారు ఆనాడు అడిగిన ప్రశ్నకు జవాబు నాకు అందులోనే దొరికింది.